అందించని మాట

నాటకంలో నటులు మరిచిపోయిన మాట అందించే ప్రాంప్టర్‌ని ఎవరూ చూడకూడదు. చూశారంటే ఆ రోజు మా పని చెడినట్టే. స్టేజీ ముందు అంచున నేలలో ఒక గొయ్యి, దాని మీద చెక్క గూడు, లోపల ఒక స్టూలు, చిన్న దీపం, ఒళ్ళో నాటకం ప్రతి. ఇరవై రెండేళ్ళు నేను అక్కడే కూర్చున్నాను. పారిస్‌లో పేరున్న నటుల ముఖాలు మీకు తెలిసి ఉండొచ్చు, నాకు వాళ్ళ బూట్లు తెలుసు. ఎవరి మడమ ఏ వైపు అరిగిందో, భయమేస్తే ఎవరు ఏ కాలు కదిలిస్తారో ఇప్పటికీ చెప్పగలను.

పంతొమ్మిది వందల యాభై మూడులో, మోంపర్నాస్ పేట వెనక సందులో ఎనభై రెండు కుర్చీల నాటకశాల ఒకటి ఉండేది. అంతకుముందు అది బొగ్గుల కొట్టు. వాన పడితే గోడల నుంచి నల్లటి నీళ్ళు కారేవి, ఆడవాళ్ళు కోట్లు దగ్గరికి లాక్కుని కూర్చునేవారు. అన్సెల్మ్ వోద్రాన్ తన రెండో నాటకాన్ని అక్కడికే తెచ్చాడు. ముప్ఫై మూడేళ్ళవాడు. చలికాలమంతా ఒకటే బూడిదరంగు స్వెట్టరు, చేతిలో పరుగుపందేలవాళ్ళు వాడే స్టాప్‌వాచీ. మొదటి రోజే మమ్మల్ని కూర్చోబెట్టి చెప్పాడు.

“మాటలు ఎవరైనా రాస్తారు. ఈ నాటకంలో నావి అంటూ ఉన్నవి నిశ్శబ్దాలే. వాటిని సెకన్లతో సహా రాశాను. ఒక్కటి తగ్గినా ఊరుకోను.”

భార్య వేషం వేసే క్లొతిల్ద్ ఊరుకునే రకం కాదు. “నోరు మూసుకుని కూచోడానికి నేనెందుకు బాబూ? మా ఇంట్లో పిల్లి ఉంది, తీసుకొస్తా. నాకంటే బాగా చేస్తుంది” అంది. అందరం నవ్వాం. వోద్రాన్ మాత్రం నవ్వు ఆగేదాకా వాచీ చూస్తూ నిలబడ్డాడు.

నవ్వాను గాని నా పీకల మీదికి వచ్చింది. పాత నాటకాల్లో నటుడు ఆగాడంటే మరిచిపోయాడని అర్థం, వెంటనే మాట అందించాలి. ఈ కొత్త నాటకాల్లో ఆగాడంటే అది కళ కావచ్చు, మతిమరుపు కావచ్చు. పైగా ఈ మహానుభావుడు రోజూ పెన్సిలు పట్టుకుని వచ్చి నా ప్రతిలో కొత్త నిశ్శబ్దాలు చేర్చి పోయేవాడు, కొన్నిసార్లు నాకు చెప్పకుండానే. రెండు వారాలు గడిచేసరికి అచ్చు అక్షరాల కంటే పెన్సిలు గీతలే ఎక్కువయ్యాయి.

కథ చిన్నదే. ఒక మొగుడూ పెళ్ళాం ఇల్లు ఖాళీ చేస్తుంటారు. గిన్నెలూ గ్లాసులూ పాత పేపర్లలో చుడుతూ ఏవేవో మాట్లాడుకుంటారు. చివరికి మొగుడు, చేతిలో గ్లాసు పట్టుకుని, యుద్ధం రోజుల్లో ఒక సాయంత్రం సంగతి ఎత్తుతాడు. పై అంతస్తులో ఒక యూదు దర్జీ ఉండేవాడు. ఆ సాయంత్రం అతన్ని పట్టుకుపోవడానికి జర్మన్ల లారీ వచ్చి వీధిలో ఆగింది. ఎవరో వీళ్ళ తలుపు తట్టారు. “తట్టింది ఎవరో నాకు తెలుసు. అయినా తలుపు తియ్యలేదు.” ఆవిడ ఏమీ అనదు, ఇంకో గ్లాసు చుడుతుంది. తెర. ఆ రోజుల్లో మా ఎనభై రెండు కుర్చీల్లో కూర్చునేవాళ్ళలో అలాంటి ఒక తలుపు గుర్తుకు రానివాళ్ళు తక్కువ.

మొగుడి వేషం ఫిర్మాన్ కస్తెల్ గారిది. అరవై తొమ్మిదేళ్ళు. నలభై ఏళ్ళుగా పెద్ద వీధుల నాటకశాలల్లో నవ్వించే నాటకాలాడి, పరాయివాళ్ళ పడకగదుల్లో బీరువాల్లో దాక్కునే మొగుడిగా పేరు తెచ్చుకున్నాడు. ఆయన మీసం కనబడగానే జనం నవ్వేవారు. అలాంటి మనిషిని వోద్రాన్ ఎందుకు ఎంచుకున్నాడో ముందు ఎవరికీ అర్థం కాలేదు. రిహార్సల్‌లో మొదటిసారి ఆ తలుపు సంగతి చెప్పినప్పుడు అర్థమైంది. అంతమందిని నవ్వించిన గొంతు ఆ మాట అంటుంటే వినడం కష్టంగా ఉండేది.

మొదటి ప్రదర్శనకి వారం ముందు ఆయన నన్ను మూలమీది కెఫేకి తీసుకెళ్ళాడు. కాఫీ చెప్పాడు, తాగలేదు.

“అమ్మాయ్ ఒర్తాన్స్, ఒక మాట చెప్తాను, నీ కడుపులో పెట్టుకో. పొద్దున బూట్లు తొడుక్కున్నాను. లేసు కట్టబోతే చేతులు ఆగిపోయాయి. ఎలా కట్టాలో తెలియలేదు. నడుం పట్టేసిందని చెప్పి కింద కాపలా ఆవిడ చేత కట్టించుకుని వచ్చాను.”

“నిద్ర చాలక అయి ఉంటుందిలెండి.”

“నిద్రకేం, గుర్రు పెట్టి నిద్రపోతున్నా. మాటలు కూడా జారిపోతున్నాయి తల్లీ. ఆ కుర్రాడికి తెలిసిందా, రేపే ఇంకో ముసలాణ్ణి పట్టుకొస్తాడు.”

“డాక్టరుకి చూపించుకోండి ఫిర్మాన్ గారూ.”

“చూపించుకుంటే ఏమంటాడు, ఇంటికి పోయి పడుకోమంటాడు. నలభై ఏళ్ళు బీరువాల్లోంచి బయటికి దూకాను. ఇప్పుడు మొదటిసారి జనం నవ్వకుండా నా మాట వింటారు. ఈ వేషం పోతే ఇంక నేనెందుకు?”

ఆయన కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. నాకు ఆయనంటే ఇష్టం, ఎందుకు దాచాలి. తెర లేచే ముందు నా గూడు దగ్గరికి వంగి, ‘లోపల చలిగా ఉందా అమ్మాయ్’ అని అడిగిన నటుడు నా ఇరవై రెండేళ్ళలో ఆయనొక్కడే. అందుకని ఒప్పందం చేసుకున్నాం. నాటకంలో ఆయన ఎక్కడా కిందికి చూడడు. కాబట్టి మాట పోతే నా గూడు వైపు చూస్తాడు, నేను అందిస్తాను. ఎవరికీ చెప్పనని ప్రమాణం చేయించుకున్నాడు. చేశాను.

మొదటి వారం బాగానే నడిచింది. రెండుసార్లు చూశాడు, రెండుసార్లూ రెప్పపాటులో అందించాను. క్లొతిల్ద్‌కి కూడా తెలియలేదు.

తొమ్మిదో ప్రదర్శనలో ఆ తలుపు దగ్గరికి వచ్చాడు. “ఎవరో తట్టారు” అన్నాడు. ఆగాడు. నా వైపు చూశాడు. నా ప్రతిలో సరిగ్గా అక్కడ పెన్సిలుతో కొత్త గీత ఒకటి కనిపించింది. వోద్రాన్ మళ్ళీ నిశ్శబ్దం పెట్టాడు కాబోలు, ఆయనకి చెప్పి నాకు చెప్పలేదు కాబోలు అనుకున్నాను. దీపం దగ్గరికి ప్రతిని జరిపి చూస్తే అది నిశ్శబ్దం కాదు, వేరే పేజీ నుంచి అంటుకున్న పెన్సిలు మరక. గబుక్కున మాట అందించాను. ఆయన అందుకున్నాడు, తెర పడింది. మొత్తం పదకొండు సెకన్లు. నాకెలా తెలుసంటే వోద్రాన్ లెక్కపెట్టాడు.

తెర పక్కకి పరుగెత్తుకొచ్చాడు. ముఖం వెలిగిపోతోంది. ఫిర్మాన్ గారి రెండు చేతులూ పట్టుకున్నాడు.

“మాస్టారూ! ఆ చూపు ఎక్కడ దొరికింది మీకు? ఆ నేలలోకి, ఎవరినో అడుగుతున్నట్టు! మాట నోటికి రావడానికి సిగ్గుపడుతోంది. నాకు తట్టలేదు, మీకు తట్టింది. రేపట్నుంచి రోజూ అక్కడ పదకొండు సెకన్లు!”

అప్పుడు చెప్పేస్తే అయిపోయేది. ఆయన నా వైపు చూశాడు, నేను ఆయన వైపు చూశాను. ఆయన మీసం సవరించుకుని, “ఏదో, అలా వచ్చింది బాబూ” అన్నాడు.

పేపర్లవాళ్ళు వచ్చి రాశారు. అంతకుముందు ఆయన పేరు రాయని పెద్ద పెద్ద పేపర్లు ఆ పదకొండు సెకన్ల గురించే అరపేజీ రాశాయి. వోద్రాన్ దాన్ని ఇరవై చేశాడు, తర్వాత ముప్ఫై. హాలు నిండడం మొదలైంది. పక్కన మెట్ల మీద కూడా కూర్చున్నారు. ప్రతి సాయంత్రం ఆ ముసలాయన నా ముఖంలోకి చూసి మాట అడిగేవాడు, నేను ఇవ్వకుండా కూర్చునేదాన్ని. వేషమని తెలుసు, అయినా ఎదురుగా అంత దగ్గరగా ఒక మనిషి అడుగుతుంటే నోరు మూసుకోవడం ఎలా ఉంటుందో కూర్చున్నవాళ్ళకే తెలుస్తుంది. ఇంటికి పోయి పడుకున్నా ఆ కళ్ళు వదిలేవి కావు.

గుర్తు పోయిందిగా, ఇంకోటి పెట్టుకున్నాం. నిజంగా మరిచిపోతే ఎడమచేత్తో కోటు అంచు పట్టుకుంటానన్నాడు. నాలుగు రోజుల తర్వాత పట్టుకున్నాడు. చటుక్కున అందించాను, గండం గడిచింది. ఆట అవగానే వోద్రాన్ వచ్చాడు.

“ఆ చెయ్యి! కోటు పట్టుకున్న ఆ చెయ్యి! అది వదలొద్దు మాస్టారూ.”

క్లొతిల్ద్ ముఖానికి క్రీము రాసుకుంటూ, “ఈయన తుమ్మితే అది కూడా రాసేసుకుంటాడు ఈ పిల్లాడు” అంది. నాకు నవ్వు రాలేదు. మేమేది పెట్టుకుంటే అది వోద్రాన్ నాటకంలోకి పోతోంది. ఇంక ఫిర్మాన్ గారి దగ్గర సొంతానికంటూ ఒక్క గుర్తూ మిగల్లేదు.

తర్వాతి వారం పొద్దున్నే రిహార్సల్‌కి నేనొక్కదాన్నే ముందొచ్చాను. ఆయన స్టేజీ మీద పెట్టెల మధ్య కూర్చుని ఉన్నాడు.

“ఒర్తాన్స్, అక్కడ నిలబడితే నాకు భయమేస్తోంది” అన్నాడు.

“ఎక్కడండీ?”

“అక్కడే, ఆ ముప్ఫై సెకన్లలో. మొదట్లో మరిచిపోయినట్టు నటించేవాణ్ణి. ఇప్పుడు ఆ చోటికి రాగానే మాట తనంతట తనే పోతోంది. నేను పంపించానో, అదే పోయిందో తెలియట్లేదు. మళ్ళీ వస్తుందనుకో. నిన్న వచ్చేసరికి ఆలస్యమైంది. నువ్వు పోల్చుకున్నావా?”

“లేదండీ” అన్నాను. అది నిజం. పోల్చుకోలేకపోయాను.

“పోల్చుకోలేదా? అంత బాగా చేశానన్నమాట” అని నవ్వాడు.

“ఫిర్మాన్ గారూ, వోద్రాన్‌తో చెప్పేద్దాం. మీకు ఇష్టం లేకపోతే నేను చెప్తాను.”

ఆయన లేచి నిలబడ్డాడు. అంత కోపం ఆయన ముఖంలో నేనెప్పుడూ చూడలేదు. “ప్రమాణం చేశావు. మాట తప్పితే నీ మొహం చూడను. జనం నన్ను చూడ్డానికొస్తున్నారు. నన్ను! నువ్వు ఆ గోతిలో కూచుని పుస్తకం చూసుకో, చాలు.”

అన్న వెంటనే నొచ్చుకుని నా చెయ్యి పట్టుకున్నాడు. కాని నాకూ పౌరుషం వచ్చింది. సరే, నీ ఖర్మ అనుకున్నాను. ఆ మాట మనసులో అనుకున్నందుకు ఇప్పటికీ సిగ్గుపడుతున్నాను.

ఫిబ్రవరిలో ఒక ఆదివారం, మధ్యాహ్నపు ఆట. బయట మంచు కురుస్తోంది, జనం తడి బూట్లతో వచ్చి కూర్చున్నారు. ఆట మొదలవుతోందని మూడుసార్లు కర్రతో నేలమీద కొట్టారు, తెర లేచింది. ఫిర్మాన్ గారు ఆ రోజు ఎన్నడూ లేనంత బాగా చేశాడు. గ్లాసులు చుడుతూ క్లొతిల్ద్‌ని ఆటపట్టిస్తుంటే హాలంతా మెల్లగా నవ్వింది. తలుపు దగ్గరికి వచ్చాడు. “ఎవరో తట్టారు” అన్నాడు. ఎడమచేత్తో కోటు పట్టుకున్నాడు. నా వైపు చూశాడు.

నేను లెక్కపెట్టడం మొదలుపెట్టాను. పది. ఇరవై. ముప్ఫై.

ముప్ఫై దాటింది. ఆయన బూట్లు కదిలాయి. కుడికాలి లేసు ఊడి ఉంది, అప్పటిదాకా నేను గమనించలేదు. తల ఎత్తి ముఖం చూశాను. రోజూ ఆ కళ్ళు నన్ను మాట అడిగేవి. ఆ రోజు అడగలేదు. గోతిలో ఒక ఆడమనిషి దీపం పెట్టుకుని ఎందుకు కూర్చుందా అని చూస్తున్నాయి.

నాకు తెలిసింది. ఇది వేషం కాదని ఆ క్షణంలోనే తెలిసింది. మాట నా ఒళ్ళో ఉంది, వేలు దాని మీదే ఉంది. నలభై. యాభై. హాల్లో దగ్గు లేదు, కుర్చీ చప్పుడు లేదు. వెనక వరసలో ఎవరో ఆడమనిషి ఏడుస్తోంది. అంతటి నిశ్శబ్దం నేను నా జన్మలో వినలేదు.

ఎందుకు అందించలేదని నన్ను నేను చాలాసార్లు అడిగాను. ప్రమాణం చేశానని చెప్పుకున్నాను. గట్టిగా అందిస్తే ఆయన గుట్టు రట్టవుతుందని చెప్పుకున్నాను. వెనక వోద్రాన్ వాచీతో నిలబడ్డాడని చెప్పుకున్నాను. అవన్నీ ఉన్నాయి. కాని ఉన్నమాట ఒకటుంది. నాకు అది బాగుంది. ఇరవై రెండేళ్ళు ఎవరూ చూడని చోట కూర్చున్నదాన్ని, ఆ హాలంతా ఊపిరి బిగపట్టడంలో నా వాటా ఉందని నాకు తెలుసు. ఇంకొక్క సెకను, ఇంకొక్క సెకను అని కూర్చున్నాను.

తొంభై సెకన్ల దగ్గర క్లొతిల్ద్ లేచింది. ఆవిడ నోటి దురుసే గాని మనిషి మంచిది. చేతిలో గ్లాసు కింద పెట్టి, ఆయన మోచెయ్యి పట్టుకుని, “రండి, పోదాం” అంది. నాటకంలో లేని మాట అది. ఆయన బుద్ధిగా ఆవిడ వెంట నడిచాడు. తెర దించేశారు. చప్పట్లు ఎంతసేపు మోగాయో నాకు తెలియదు, నేను చెవులు మూసుకున్నాను.

తెర పక్కన ఆయన్ని కుర్చీలో కూర్చోబెట్టారు. చప్పట్లు విని తల ఊపుతున్నాడు. మర్యాదగా నన్ను అడిగాడు, “ఎవరమ్మా ఆడుతున్నారు లోపల?”

ఆయన మళ్ళీ స్టేజీ ఎక్కలేదు. డాక్టర్లు చూసి, చాలా నెలల కిందటే తీసుకొచ్చి ఉంటే ఇంత తొందరగా ముదిరేది కాదేమో అన్నారు. వైద్యులు అలా అంటారులే అని క్లొతిల్ద్ నన్ను ఓదార్చింది. వారానికోసారి ఆసుపత్రికి వెళ్ళేదాన్ని. మంచం అంచున కూర్చుని నేలకేసి చూస్తూ ఉండేవాడు. ఒకసారి పక్కన మోకాళ్ళ మీద కూర్చుని, ఆ రోజు అందించని మాట చెవిలో చెప్పాను. ఆయన శ్రద్ధగా విని, “పాపం” అన్నాడు, వేరెవరి సంగతో విన్నట్టు. మరుసటి ఏడాది పోయాడు.

శ్మశానం దగ్గర వోద్రాన్‌ని పట్టుకుని అన్నీ చెప్పేశాను. లేసు సంగతి, కెఫే, పెన్సిలు మరక, కోటు అంచు, ఏదీ దాచలేదు. నన్ను తిడతాడేమో, తిడితే బాగుండును అనుకున్నాను.

“మీరు ఆ రోజు నోరు విప్పి ఉంటే ఈ నాటకం లేదు ఒర్తాన్స్ గారూ” అన్నాడు. “నేను మీకు రుణపడి ఉన్నాను.”

పుస్తకం అచ్చయింది. చివరి మాట కొట్టేశాడు. దాని బదులు తొంభై సెకన్ల నిశ్శబ్దం, ఆవిడ వచ్చి ‘రండి, పోదాం’ అనడం, ఇద్దరూ వెళ్ళిపోవడం, అలాగే రాశాడు. చెప్పలేకపోయిన మొగుడి కథ చెప్పినవాడి కథ కంటే గొప్పదని అందరూ అన్నారు. మొదటి పేజీలో ఒక్క వాక్యం అంకితం ఉంది: ‘నోరు విప్పని ఒర్తాన్స్‌కి.’ పంచిపెట్టమని పది ప్రతులు పంపించాడు. పదీ పెట్టెలో పడేశాను.

ఆ ఉద్యోగం మానేసి లియోన్‌లో మా చెల్లెలి రొట్టెల దుకాణానికి వచ్చేశాను. గల్లా దగ్గర కూర్చుంటే జనం అడుగుతారు, నేను ఇస్తాను. ఆ పని నాకు నచ్చింది. మా చెల్లెలు మాత్రం, “అడిగినవాళ్ళకి అడిగినంత ఇవ్వు, అడగకముందే చేతిలో పెట్టకు, జడుసుకుంటున్నారు” అని కేకలేసేది.

పన్నెండేళ్ళకి ఆ నాటకం లియోన్ వచ్చింది. పెద్ద కొత్త హాలు. ఇప్పుడు ప్రాంప్టర్లు లేరు, గూళ్ళు లేవు, స్టేజీ అంచు నున్నగా ఉంది. వెళ్ళొద్దనుకుంటూనే ఆదివారం మధ్యాహ్నం టికెట్టు కొనుక్కుని మూడో వరసలో కూర్చున్నాను. మొగుడి వేషం నలభై ఏళ్ళవాడెవరో, జుట్టుకి తెల్లరంగు వేసుకున్నాడు. ఫిర్మాన్ గారిని చూసినవాళ్ళని అడిగి తెలుసుకుని, అన్నీ పట్టేశాడు. “ఎవరో తట్టారు” అన్నాడు. ఎడమచేత్తో కోటు పట్టుకున్నాడు. కిందికి చూశాడు. అక్కడ గొయ్యి లేదు, వట్టి చెక్కనేల. ఆయన చూపు దాన్ని దాటి నా మీద పడింది.

ముప్ఫై దాకా ఓర్చుకున్నాను. ముప్ఫై దాటాక నా వల్ల కాలేదు.

“తట్టింది ఎవరో నాకు తెలుసు” అన్నాను.

హాలంతా వినబడింది. కొందరు నాటకంలో భాగమనుకున్నారు, కొందరు ఉష్ ఉష్ అన్నారు. నటుడు కదల్లేదు, బాగా నేర్చుకున్నాడు. సీట్లు చూపించే అమ్మాయి చిన్న టార్చితో వంగి నడుస్తూ వచ్చి నా భుజం మీద చెయ్యి వేసింది. ఇరవై ఏళ్ళుంటాయేమో, చాలా మెత్తగా మాట్లాడింది.

“అమ్మా, ఆయనేం మరిచిపోలేదండీ. నాటకంలో అలాగే ఉంటుంది. కూచోండి.”

అప్పటికి గాని నేను లేచి నిలబడ్డానని నాకు తెలియలేదు. “తెలుసమ్మా” అన్నాను. కూర్చుందామనే అనుకున్నాను. స్టేజీ మీద ఆయన ఇంకా నన్నే చూస్తున్నాడు. “అయినా తలుపు తియ్యలేదు” అని, ఈసారి ఇంకొంచెం గట్టిగా, మిగతా మాట కూడా అందించాను.